పెరుగు రాని బంతి

రోహిణి కార్తె, 61వ రోజు

రాత్రంతా మంచు పట్టిన వలలు పదకొండూ ఎండ రాకముందే దించాం. ఇరవై రెండు బిందెల నీళ్ళు. పగటి నిద్రకి పదిన్నరకల్లా నలభై ఒక్కరమూ సొరంగంలో ఉన్నాం. తెర వేశాను. సాయంత్రం అయిదింటికి వేలాడదీసిన రైలు పట్టా ముక్క మీద కొట్టి అందరినీ లేపాను. అంబలి రెండు కుండలు, రెండూ ఖాళీ. గొడవలు లేవు.

ఒక విశేషం ఉంది. నా బావమరిది తవిటినాయుడు పోటు తగ్గినప్పుడల్లా పడవ వేసుకుని సముద్రంలో మునిగిన పట్నానికి పోయి, మేడల పై అంతస్తుల్లో మిగిలినవి ఏరి తెస్తుంటాడు. ఈసారి వాళ్ళ అక్క ఇత్తడి బిందె తెమ్మంటే పెట్టె తెచ్చాడు.

"బిందె తెమ్మన్నాను గదరా," అంది గవరమ్మ. గవరమ్మ నా భార్య.

"బిందెలో నీళ్ళే ఉంతాయప్పా. దీన్లో కలలుంతాయి."

పైడమ్మ ముసలావిడ అడ్డపొగ చుట్ట నోట్లోంచి తీసి పెట్టెని అటూ ఇటూ తిప్పింది. ఆవిడకి తొంభై దాటాయి. "ఇది పోతపెట్టె గదర్రా. నా సిన్నప్పుడు ఇంటికోటి ఉండీది. అచ్చేసుకుని తొంగుంటే, అచ్చులో ఏటుంటే ఆ కలే వొచ్చీది. తరవాత మాత్రలొచ్చినాయి, దీని మొకం ఎవుడూ సూళ్ళేదు. మిగిలినవి సర్కారోళ్ళు పట్టుకుపోనారు."

"ఎందుకు పట్టుకుపోయారు?" అని అడిగాను.

"కొంతమంది లేవలేదు మరి," అంది, చుట్ట నిప్పు వైపు నోట్లో పెట్టుకుంటూ.

మూత మీద మూడు వరుసలు చెక్కి ఉన్నాయి. ఒక్కరికి మించి పోయరాదు. అరిగిన అచ్చు వేయరాదు. మధ్యలో లేపరాదు. లోపల ఒకే అచ్చు, అరచేతంత పళ్ళెం. దాని మీద "పెళ్ళి భోజనం, పూర్తి బంతి" అని ఉంది.

రోహిణి కార్తె, 62వ రోజు

ఇరవై బిందెలు. అంబలి రెండు కుండలు, ఖాళీ.

పెట్టెకి ప్రాణం వచ్చింది. రెండు తీగలు కుళ్ళిపోతే మార్చాను. కరెంటు పని నాకు ఎవరూ నేర్పలేదు. దెబ్బలు తిని నేర్చుకున్నాను, అందుకని ఏ పని చేసినా ముందు ఎర్తు వేస్తాను. సొరంగంలో ఎర్తుకి రైలు పట్టా కన్నా మంచిది దొరకదు. తీగ తెచ్చి పట్టాకి గట్టిగా బిగించాను. రేపు తవిటినాయుడు ఒక్కడే కల గనాలని ఒప్పందం.

రోహిణి కార్తె, 63వ రోజు

మా వాళ్ళంతా చల్లగా ఉంటుందని పట్టాకి తలలు ఆనించి పడుకుంటారు. ఈ సంగతి నాకు తెలియక కాదు. తీగ బిగించేటప్పుడు గుర్తు రాలేదు.

అయిదింటికి కొట్టాను. అయిదూ పదికి లేచారు. ముందు అందరూ తమ కుడిచేతుల వంక చూసుకున్నారు. తరువాత ఎవరో ఒకరు నవ్వారు. ఆ నవ్వు సొరంగం ఈ చివర నుంచి ఆ చివరకి పోయి తిరిగి వచ్చింది.

"అప్పా, నీ ఆకులో బూరెలెన్నేసినాడు?"

"నాలుగు. నెయ్యి మోచేతి దాకా కారిపోనాది."

"నాకు మూడే ఏసినాడు ఆ బట్టతలోడు."

"నువ్వు మగపెళ్ళోరి వరసలో కూకున్నావు. నీకు మూడే."

ముప్పై తొమ్మిది మంది ఒకే పెళ్ళికి వెళ్ళి వచ్చారు. నేను సొరంగం మొదట్లో కుర్చీలో కూర్చునే కునుకు తీస్తాను. పైడమ్మ పాత వలతో కట్టిన ఊయలలో పడుకుంటుంది. మా ఇద్దరికీ పిలుపు అందలేదు.

నెయ్యి ఎలా ఉంటుందో తెలియని పిల్లలు ఆరుగురు ఉన్నారు. అందులో చిన్నది రాత్రి వరకూ వేళ్ళు వాసన చూసుకుంటూ తిరిగింది. వలలు ఎత్తుతూ పాటలు పాడారు. ఆ పాటలు వీళ్ళకి వచ్చని నాకు ఇంతకుముందు తెలియదు. తీగ విప్పేద్దామని పట్టా దగ్గరకి వెళ్ళి, నవ్వులు విని, విప్పకుండా వచ్చాను.

అంబలి అరకుండ మిగిలింది.

రోహిణి కార్తె, 66వ రోజు

పద్దెనిమిది బిందెలు. లేచిన వేళలు: మొన్న 5.40, నిన్న 6.15, ఈ రోజు 7 గంటలు. అంబలి కుండన్నర మిగిలింది.

పగలు పడుకోవడానికి మంచి బట్టలు కట్టుకుంటున్నారు. గవరమ్మ తన బట్టల పెట్టె అడుగు నుంచి జరీ చీర తీసింది. తవిటినాయుడు గడ్డం గీసుకున్నాడు. పదిన్నరకు వచ్చేవాళ్ళు తొమ్మిదింటికే వచ్చి, మంచి చోటు కోసం పట్టా వెంట తువ్వాళ్ళు పరుచుకుంటున్నారు.

ఊరు రెండుగా చీలింది. పట్టాకి ఎడమ వైపు పడుకునేవాళ్ళు ఆడపెళ్ళివారు, కుడి వైపు వాళ్ళు మగపెళ్ళివారు. ఎడమ వాళ్ళకి కుడి వాళ్ళంటే మర్యాద, లోపల కాస్త భయం. కుడి వాళ్ళు బిందె ఎత్తమన్నా ఎత్తడం లేదు, పెళ్ళికొడుకు తరఫు కదా అంటున్నారు. పెళ్ళికూతురు ఎలా ఉంది అని అడిగాను. ఎవరూ చూడలేదు. భోజనాల దగ్గర నుంచి పక్కకి పోలేదట.

నాకు నవ్వు వచ్చింది. ఇక్కడ రాస్తున్నాను కాబట్టి ఒప్పుకుంటున్నాను.

రోహిణి కార్తె, 68వ రోజు

ఎనిమిదింపావుకి లేచారు. వలలు ఎత్తేసరికి మంచు సగం పోయింది. తొమ్మిది బిందెలు. అంబలి ఎవరూ ముట్టలేదు, కడుపు నిండుగా ఉందన్నారు. గవరమ్మ చేతి గాజులు మోచేతి దాకా జారుతున్నాయి. నిండుగా ఉంటే గాజులు ఎందుకు జారతాయి?

ఇంత ఆలస్యం ఎందుకవుతోందని తవిటినాయుణ్ణి అడిగాను.

"కూరలైపోయాక చారేస్తాడు బావా. చారు తరవాత పెరుగు రావాల గదా. రాదు. మళ్ళీ బూరెల బుట్టతోటే వొస్తాడు. మళ్ళీ మొదట్నించి."

అచ్చు తీసి దీపం వెలుగులో పట్టి చూశాను. అంచు దగ్గర గాడి నున్నగా అరిగిపోయి ఉంది. అచ్చు మీద నడిచే పెట్టె ముల్లు చారు దాటగానే జారి మొదటికి వచ్చి పడుతోంది. ఆ పెళ్ళిలో పెరుగు లేదు. ఎన్నాళ్ళు కూర్చున్నా రాదు.

ఈ మాట అందరికీ చెప్పాను. పెరుగు కోసం చూడకుండా లేచి చెయ్యి కడుక్కుంటే మెలకువ వస్తుంది, అంతే కదా అన్నాను. సొరంగమంతా నా వంక చూసింది.

"పెరుగన్నం తినకండా బంతిలోంచి లేవడమేటయ్యా," అంది గవరమ్మ. "ఆడపెళ్ళోరేటనుకుంతారు?"

"ఆడపెళ్ళివారు మీరే కదా."

"మరదే. మనమే ముందు లెగిస్తే మగపెళ్ళోరేటనుకుంతారు?"

పెట్టె ఆపేస్తానన్నాను. ఒక్క రోజు, ఒక్క రోజే అన్నారు. ఈసారి వంటశాలలో పెరుగు కుండల చప్పుడు వినిపించిందని కుడి వైపు వాళ్ళలో ఒకడు ప్రమాణం చేశాడు. నేను పెట్టె ఆపవలసింది. ఆపలేదు.

రోహిణి కార్తె, 69వ రోజు

అయిదింటికి కొట్టాను. ఆరింటికి కొట్టాను. ఏడింటికి చెయ్యి నొప్పి పుట్టేదాకా కొట్టాను. ఎవరూ లేవలేదు.

పెట్టె ఆపాను, అచ్చు తీశాను, తీగ తెంపాను. మార్పు లేదు. ముప్పై తొమ్మిది మందీ చిరునవ్వుతో దవడలు ఆడిస్తున్నారు.

"పెట్టెతో పనేటుందింక," అంది పైడమ్మ ఊయలలోంచి. "పోసిన కల ఆళ్ళదైపోనాది. ఆళ్ళు లేవాల."

తవిటినాయుణ్ణి చంకల కింద పట్టుకుని లేవదీశాను. మూత మీద రాసింది చదివిన వాణ్ణే, అయినా లేవదీశాను. కళ్ళు తెరిచాడు. నన్ను చూడలేదు. ఎడమచేత్తో లేని ఆకుని పట్టుకుని, కుడిచేత్తో గాలిలో ముద్దలు కలిపి నోట్లో పెట్టుకుంటున్నాడు. బావా అని పిలవలేదు. మళ్ళీ తల పట్టాకి ఆనిస్తే దవడ ఆడడం మొదలైంది, ముఖంలో నవ్వు వచ్చింది. ఇంకెవరినీ ముట్టుకోలేదు.

నీళ్ళు లేకుండా ఎంతసేపు ఉంటారు? నిన్నటి తొమ్మిది బిందెల్లో మూడు మిగిలాయి. మింగలేరు, పోస్తే పొలమారుతుంది. గుడ్డ తడిపి ఒక్కొక్కరి పెదవులు తడుపుతూ వచ్చాను. గవరమ్మ దగ్గరికి వచ్చేసరికి ఆవిడ నిద్రలోనే అంది: "హమ్మయ్య, మంచినీళ్ళు తెచ్చినారు."

రెండోసారి తడిపాను. "సాలు బాబూ, పెరుగెక్కడ?" అంది.

అంటే నాలుక మీద వేసింది పందిట్లో వడ్డిస్తున్నట్టే. బయట నుంచి పెరుగు పెడితే లోపల పెరుగు వస్తుంది. ఇది తట్టగానే నేను గట్టిగా నవ్వాను. తరువాత ఆగిపోయాను. మా కొండ మీద ఆఖరి మేక చచ్చిపోయి పన్నెండేళ్ళు.

పైడమ్మకి చెప్పాను. ఆవిడ నన్ను జాలిగా చూసింది. "పాలకి మేకే కావాలేటిరా కూర్మా? ఏరుసెనగలున్నాయి గదా. నానబెట్టి, రుబ్బి, పిండు."

"తోడుకి పెరుగు చుక్క కావాలి కదా. ఎవరింటికి వెళ్ళి అడగను?"

"మిరపకాయల తొడాలు నాలుగు గిల్లి గోరెచ్చని పాలల్లో పడెయ్. తెల్లారేసరికి తోడుకుంతాది. నీ పెళ్ళాం నీకేటీ నేర్పలేదేటి?"

వలలు ఎత్తాలంటే ఒక్కోదానికి ఎనిమిది మంది కావాలి. ఒక్కణ్ణీ కప్పీ కట్టి రెండు ఎత్తగలిగాను. పైడమ్మ వేరుశనగలు నానబోసింది. నేను రుబ్బాను.

రోహిణి కార్తె, 70వ రోజు, పొద్దున్న

రెండు బిందెలు.

కుండ మీద మూత తీశాను. వంచితే కదల్లేదు. పైడమ్మ వేలితో తీసి నాలుక మీద రాసుకుని, కళ్ళు మూసుకుని చప్పరించింది. తరువాత, "ఉప్పేసి కలిపి అట్టుకెళ్ళు," అంది.

ముప్పై తొమ్మిది నాలుకల మీద తలా చెంచాడు రాశాను. సొరంగం పొడుగునా మూలుగులు మొదలయ్యాయి, హాయిగా. "గట్టి పెరుగు," అన్నాడు కుడి వైపు ఒకడు. ఎడమ వైపు ఒకామె గర్వంగా నవ్వింది. ఆరుగురు పిల్లలూ పెదవులు చప్పరించారు. దవడలు ఒక్కొక్కటే ఆగాయి. కుడిచేతులు పొట్టల మీదకి వచ్చి ఆరుతున్నాయి.

భోజనం అయిపోయింది. నేను రైలు ముక్క దగ్గరికి పరుగెత్తి కొట్టాను.

ఎవరూ లేవలేదు.

గవరమ్మ పక్కన మోకాళ్ళ మీద కూర్చున్నాను. కళ్ళు మూసుకునే, గొంతు తగ్గించి పక్కవాళ్ళతో అన్నట్టు అంది: "ఎవులో ఒకలు ముందు లేవాల గదా. మనం లేస్తే బాగోదు."

పట్టాకి అవతల వైపు నుంచి తవిటినాయుడు నిద్రలో జవాబిచ్చాడు. "మీరే లేవండి ముందు. పెద్దోరు."

"కాదు, మీరే."

ముప్పై తొమ్మిది మంది మర్యాదస్తులు. పెదవులు పగిలి ఉన్నాయి. చిన్నదాని ఊపిరి గడ్డిపోచ ఊగినట్టు ఉంది. సాయంత్రం దాకా ఆగదు.

తెగిన తీగ కలిపాను, అచ్చు వేశాను. నా తల పట్టాకి ఆనించగానే పెట్టె మీట నొక్కమని పైడమ్మతో చెప్పాను.

"నువ్వూ కూకుండిపోతే?" అంది.

"కూర్చోను."

"అందరూ అదే అనుకుని పోతారు. నువ్వు కూకుంటే మొత్తం బంతి నీకోసం మళ్ళీ మొదట్నించి కూకుంతాది. ఒక్క ముద్ద కూడా తినీకురా."

ఇది పొద్దున్నే రాసి పెడుతున్నాను, తరువాత రాయడానికి ఎవరూ లేకపోతే వలల సంగతి తెలియాలి కాబట్టి. కప్పీ నాలుగో స్తంభానికి కట్టి ఉంది.

రోహిణి కార్తె, 70వ రోజు, సాయంత్రం

పందిరి పెద్దది. పైన తెల్ల గుడ్డ, ఎండ దాని గుండా పల్చగా దిగుతోంది. ఆ ఎండ ఒంటిని కాల్చదు. నీళ్ళు చల్లిన నేల వాసన. రెండు వరుసల్లో మా వాళ్ళు ఎదురెదురుగా, బొద్దుగా, నూనె రాసిన తలలతో కూర్చున్నారు. ఆకులన్నీ ఖాళీ. ఎవరి చెయ్యి వాళ్ళు గాలిలో పట్టుకుని పక్కచూపులు చూస్తున్నారు.

నన్ను చూసి అందరూ ఒక్కసారి గోల చేశారు.

"కూర్మయ్య బావొచ్చినాడ్రా."

"ఇప్పుడా రావడం? జరగండి, జరగండి, ఆకెయ్యండి."

ఇన్నేళ్ళలో నేను ఎక్కడికైనా వెళితే ఇంతమంది ఒకేసారి సంతోషించడం జరగలేదు. గవరమ్మ పక్కన చోటు చేసింది. ఆవిడ బుగ్గలు నిండుగా ఉన్నాయి. గాజులు మణికట్టు దగ్గరే ఉన్నాయి.

"కూకో," అంది. "నువ్వు తినేదాకా మేమందరం ఉంతాం. తొందర్లేదు."

కూర్చున్నాను. నిలబడి ఉంటే మాట్లాడడం నాకు రాదు. లేవండి అన్నాను. నా గొంతు నాకే వినపడలేదు. బట్టతల మనిషి వచ్చాడు. ఆకు మీద నీళ్ళు చిలకరించాడు. బూరెలు నాలుగు వేసి, ఒక్కోదానికి వేలితో కన్నం పెట్టి నెయ్యి పోశాడు. పులిహోర వేశాడు. గుమ్మడికాయ పులుసు గరిటెతో ఎత్తి ఆకు మధ్యలో పోశాడు. అది అంచు వైపు పరుగెత్తింది. నా చెయ్యి అడ్డం పెట్టి ఆపాను. వేళ్ళకి అంటింది, వెచ్చగా ఉంది. గుమ్మడికాయ పులుసు నేను ఎనిమిదేళ్ళప్పుడు ఆఖరుసారి తిన్నాను.

"తినయ్యా," అంది గవరమ్మ.

ముప్పై తొమ్మిది ముఖాలు ప్రేమగా నా చేతి వంకే చూస్తున్నాయి. ముద్ద కలపడానికి వేళ్ళు వాటంతట అవే ముడుచుకున్నాయి. వేళ్ళు విప్పాను. ఆకు చివర పట్టుకుని, నిండుగా ఉన్న ఆకుని సగానికి మడిచాను. నెయ్యి పక్కల నుంచి కారింది.

లేచి నిలబడ్డాను.

"పులుసులో ఉప్పు లేదు," అన్నాను.

ఎవరూ కదల్లేదు. సరిపోలేదేమోనని, గొంతు పెంచి మళ్ళీ అన్నాను. "ఉప్పు లేదు. బూరెల్లో బెల్లమూ లేదు. ఇదా పెళ్ళి భోజనం?"

ఎడమ వరుస మొత్తం లేచింది.

"మా వంటకి వంకెడతావేటి నువ్వు?"

కుడి వరుస మొత్తం లేచింది. "అడిగినోణ్ణి అరుస్తారేటి? మేము మొదట్నించి అనుకుంతన్నాం, నోరిప్పలేదు."

"అనుకుంతే ఏడుసార్లెలా తిన్నారు?"

"మర్యాదకి తిన్నాం."

తవిటినాయుడు నా చొక్కా పట్టుకున్నాడు, ఏ పక్షం తరఫునో వాడికే తెలియదు. గవరమ్మ వాడి చెయ్యి పట్టుకుంది. బట్టతల మనిషి బుట్ట నెత్తిన పెట్టుకుని వంటశాలలోకి పారిపోతున్నాడు. పందిరి గుంజ ఒకటి ఒరిగింది, తెల్ల గుడ్డ మా అందరి మీదా పడింది. దాని కింద నలభై మంది తిట్టుకుంటూ, తోసుకుంటూ, ఎవరో ఒకరికి చక్కిలిగింత పుట్టి నవ్వుతూ ఉండగా నా తల పట్టాకి ఠంగుమని తగిలింది.

సొరంగంలో అందరూ నిలబడి ఉన్నారు. అదే తగవు అదే మాట దగ్గర నుంచి సాగుతోంది. అరవడానికి గొంతులు ఎండిపోయి, ఒక్కొక్కరే తగ్గి, నీళ్ళు అడిగారు. పైడమ్మ గుక్కెడు గుక్కెడుగా పోసింది. చిన్నది రెండు గుక్కలు తాగి, అంబలి అడిగింది. లెక్క పెట్టాను. నలభై ఒక్కరం. మళ్ళీ లెక్క పెట్టాను.

అంబలి రెండు కుండలు, రెండూ ఖాళీ. వలలు గోడలు పట్టుకుని నడుస్తూనే అయిదు ఎత్తారు.

రోహిణి కార్తె, 74వ రోజు

పందొమ్మిది బిందెలు. అంబలి మిగల్లేదు. అచ్చుని పైడమ్మ రాతి మీద పెట్టి నలగ్గొట్టింది. పెట్టె మూడో వలకి అడుగున బరువుగా కట్టాను. తవిటినాయుడు ఒక పూట అలిగి, పట్నం నుంచి ఇత్తడి బిందె తెచ్చాడు.

గవరమ్మ నాతో నాలుగు రోజులు మాట్లాడలేదు. నిండు ఆకు మడిచి లేచిన మొగుడితో ఏం మాట్లాడతానని అందరితోనూ అంది. ఈ రోజు సాయంత్రం మొదటి వల తాడు ఆవిడే నా చేతికి అందించింది.

"పులుసులో ఉప్పు లేదన్నావు," అంది.

"అన్నాను."

"తిన్నావేటసలు?"

"లేదు."

"ఒక్క ముద్దా?"

"లేదు."

తాడు పట్టుకుని నా వంక చూసింది. మంచు అప్పుడే లోయలోంచి లేస్తోంది.

"ఉప్పు సరిపోనాది," అంది. "సరిగ్గా సరిపోనాది. ముందు బూరె సంగతి సెప్తాను, ఇను. పైన కరకరలాడతాది, లోపల పూర్ణం ఏడిగా..."

బూరెలు రెండో వల దాకా వచ్చాయి. పులిహోరలో శనగపప్పు ఎంత వేగిందో, ఇంగువ ఎంత పట్టిందో చెప్పేసరికి నాలుగో వల ఎత్తాం. పనసపొట్టు కూరలో ఆవ ముక్కుకెక్కిందట, అది చేసి చూపించింది, ఇద్దరం తాడు వదిలేయబోయాం. అవతల పట్టినవాళ్ళు తిట్టారు. గుమ్మడికాయ పులుసుకి మూడు వలలు పట్టింది. మధ్యలో ఆగితే, "తరువాత?" అన్నాను.

పదకొండో వల కట్టేశాం. ఆవిడ ఇంకా చారు దగ్గరే ఉంది.